సెయింట్ జార్జ్ కోట, దాని ఎదుటి పేటలు: చెన్నైలో మనం చూడకుండా వచ్చేసే చోటు

మనవాళ్ళు చెన్నైకి వైద్యానికో, పట్టుచీరలకో వస్తూనే ఉంటారు. సెయింట్ జార్జ్ కోటలోకి మాత్రం వెళ్ళేవాళ్ళు తక్కువ. లోపల సెక్రటేరియట్, అసెంబ్లీ ఉన్నాయి కాబట్టి రానివ్వరేమో అనుకుంటారు. రానిస్తారు. గుర్తింపు కార్డు దగ్గరుంచుకోండి, బ్యాగు తనిఖీ చేస్తారు. మ్యూజియానికి శుక్రవారం సెలవు. అసెంబ్లీ జరిగే రోజుల్లో పోలీసుల హడావుడి ఎక్కువ, అప్పుడు వెళ్ళకపోవడమే మంచిది.

ఈ కోట కథ మన తీరంలోనే మొదలైంది. ఇంగ్లీషు కంపెనీవాళ్ళు 1611లో మచిలీపట్నంలో, 1626లో దుగరాజపట్నం దగ్గర ఆర్మగాన్‌లో వ్యాపారం పెట్టారు. అక్కడ సరిగ్గా సాగక, మంచి నేతబట్ట చవగ్గా దొరికే రేవు కోసం కంపెనీ ఉద్యోగి ఫ్రాన్సిస్ డే దక్షిణానికి వచ్చాడు. 1639లో ఈ ఇసుక తీరాన్ని అతనికి ఇచ్చింది దామెర్ల వెంకటాద్రి నాయకుడు. చెన్నపట్నం అన్న పేరు ఆ నాయకుడి తండ్రి చెన్నప్పది. ఇంత దగ్గరి సంబంధం ఉన్న చోటును మనం పట్టించుకోకపోవడం నాకు బాధగా ఉంటుంది.

టైమ్ తక్కువుంటే ముందు సెయింట్ మేరీ చర్చికి వెళ్ళండి. 1680 నాటిది. ఫిరంగి గుండ్లు పడినా తట్టుకునేలా పైకప్పును కలప లేకుండా మందపాటి కమానుగా కట్టారు. బయట ఆవరణంతా పాత సమాధి రాళ్ళే పరిచి ఉంటాయి. 1753లో రాబర్ట్ క్లైవ్ పెళ్ళి ఇక్కడే జరిగింది. ఇక్కడ గవర్నరుగా చేసిన ఎలిహు యేల్ సొంత వ్యాపారంతో బాగా గడించి, అందులో కొంత అమెరికాలోని ఒక కాలేజీకి పంపాడు. అదే యేల్ యూనివర్సిటీ అయింది. అతని కాలంలో ఈ రేవు నుంచి మనుషుల్ని బానిసలుగా ఓడలెక్కించారు కూడా. ఈ రెండూ కలిపి తెలుసుకుంటేనే ఆ చర్చిలో నిలబడినందుకు అర్థం ఉంటుందని నా నమ్మకం.

మ్యూజియానికి కనీసం గంటన్నర కావాలి. ఆయుధాలు, నాణేలు, గవర్నర్ల నిలువెత్తు చిత్రాలు ఉన్నాయి. వాటిని త్వరగా చూసేయొచ్చు. 1947 ఆగస్టు 15న ఈ కోట మీద ఎగరేసిన జెండా దగ్గర మాత్రం ఆగండి. పిల్లలుంటే తప్పక చూపించండి.

కోటతో ఆపేస్తే సగమే చూసినట్టు. తెల్లవాళ్ళు గోడల లోపల ఉంటే, నేతగాళ్ళు, దుబాసీలు (కంపెనీవాళ్ళకు మాటలు అనువదించి పెట్టేవాళ్ళు), వర్తకులు బయట 'బ్లాక్ టౌన్'లో ఉండేవారు. 1746లో ఫ్రెంచివాళ్ళు కోటను పట్టుకుని మూడేళ్ళు ఉంచుకున్నారు. తర్వాత ఇంగ్లీషువాళ్ళు ఫిరంగులకు అడ్డులేకుండా ఊరినే పక్కకు జరిపారు. ఇప్పుడు హైకోర్టు ఉన్న చోట ఉండే చెన్నకేశవ పెరుమాళ్ గుడిని 1757లో పడగొట్టారు. తర్వాత కట్టిన గుడి పూలబజారు దగ్గర దేవరాజ ముదలి వీధిలో ఉంది, పక్కనే చెన్నమల్లీశ్వరుడు. అక్కణ్ణుంచి కొత్వాల్ చావడి కన్యకా పరమేశ్వరి గుడికి నడిచే వెళ్ళొచ్చు. కాశీయాత్ర చరిత్ర రాసిన ఏనుగుల వీరాస్వామయ్య కూడా ఈ నగరంలో అప్పుడున్న సుప్రీంకోర్టులో దుబాసీగా పనిచేసినవారే. నాకు కోట కంటే ఈ సందులే ఎక్కువ నచ్చాయి. ఇరుకు, జనం, తోపుడుబళ్ళు ఉంటాయి కాబట్టి పెద్దవాళ్ళతో అయితే ఉదయాన్నే వెళ్ళాలి.

బస విషయానికొస్తే, సెంట్రల్ స్టేషన్ ఎదుటి సందులో నేను దిగిన లాడ్జిలో ఆన్‌లైన్‌లో చూపిన అద్దె ఒకటి, కౌంటర్లో అడిగింది ఇంకొకటి. రాత్రంతా హారన్ల మోత. తర్వాత ఎగ్మూరుకు మారాను; గదికి కాస్త ఎక్కువైనా నిద్ర పట్టింది. పైగా ఎగ్మూరు నుంచి లోకల్ రైల్లో పార్క్ దాటితే ఫోర్ట్ స్టేషనే. టీ నగర్‌లో దిగితే షాపింగుకు బాగుంటుంది కానీ ఇటు రావడానికి ట్రాఫిక్‌లో చాలా టైమ్ పోతుంది. ఆ గుళ్ళు, సందులు ఉన్న జార్జ్ టౌన్‌కు హైకోర్టు లేదా మన్నడి మెట్రో స్టేషన్ దగ్గర. ఆటో ఎక్కితే యాప్‌లో బుక్ చేసుకోండి, బేరాల టెన్షన్ ఉండదు.

భోజనానికి కోటలో ఆశ పెట్టుకోవద్దు. మధ్యాహ్నానికి షావుకారుపేట చేరుకుంటే మింట్ స్ట్రీట్‌లో ఉత్తరాది భోజనం, సాయంత్రం మురుకు శాండ్‌విచ్ దొరుకుతాయి. మంచినీళ్ళ సీసా, టోపీ మాత్రం తీసుకెళ్ళండి. డిసెంబరు, జనవరి తప్ప మిగతా నెలల్లో ఎండ గట్టిగానే ఉంటుంది.