మెజారిటీ ప్రభుత్వమా, మైనారిటీ ప్రభుత్వమా: ఏది మేలు?

2021 నవంబరు 29న స్వీడన్ పార్లమెంటు మాగ్డలీనా ఆండర్సన్‌ను ప్రధానిగా ఎన్నుకుంది. 349 మంది సభ్యుల్లో ఆమెకు ఓటేసినవాళ్లు 101 మంది. వద్దన్నవాళ్లు 173. మిగిలిన 75 మంది తటస్థం. అయినా ఆమే గెలిచారు. అక్కడ ప్రధాని అభ్యర్థిని ఆపాలంటే వ్యతిరేకంగా 175 ఓట్లు పడాలి మరి. అదే 1999 ఏప్రిల్ 17న లోక్‌సభలో వాజపేయి విశ్వాస తీర్మానానికి అనుకూలంగా 269, వ్యతిరేకంగా 270 ఓట్లు పడ్డాయి. ఒక్క ఓటు తేడాతో ప్రభుత్వం పోయింది.

సభలో మూడో వంతు కూడా వెంట లేని ప్రధాని నిలబడ్డారు, సగానికి సగం వెంట ఉన్న ప్రధాని దిగిపోయారు. అందుకే మెజారిటీ మేలా, మైనారిటీ మేలా అన్నది తలలు లెక్కపెట్టి తేల్చేది కాదు. ప్రభుత్వాన్ని పడగొట్టినవాడు దానికి ఏం మూల్యం చెల్లించాలి అన్నది చూసి తేల్చేది.

ముందు లెక్క సరిచూసుకుందాం

మంత్రివర్గంలో ఉన్న పార్టీల సీట్లన్నీ కలిపితే సభలో సగం దాటితే అది మెజారిటీ ప్రభుత్వం. ఒక పార్టీదైనా కావచ్చు, సంకీర్ణమైనా కావచ్చు. దాటకపోతే మైనారిటీ ప్రభుత్వం. ఈ గీత దగ్గరే చాలామంది పొరబడతారు. 2024లో బీజేపీకి వచ్చినవి 240 సీట్లు, కావలసినవి 272. దాంతో దాన్ని మైనారిటీ ప్రభుత్వం అన్నవాళ్లున్నారు. కానీ 16 సీట్ల టీడీపీ, 12 సీట్ల జేడీయూ కూడా మంత్రివర్గంలో ఉన్నాయి, ఎన్డీయే మొత్తం 293. అది మెజారిటీ సంకీర్ణం. అసలైన మైనారిటీ ప్రభుత్వం 2004 నాటి మన్మోహన్ సింగ్‌ది. వామపక్షాలు మంత్రి పదవులు తీసుకోకుండా బయటి నుంచి మద్దతిచ్చాయి, అణు ఒప్పందం మీద తగాదా వచ్చి 2008 జూలైలో ఉపసంహరించుకున్నాయి. జూలై 22 బలపరీక్షలో 275–256తో ప్రభుత్వం గట్టెక్కింది.

మైనారిటీ ప్రభుత్వం ఏదో ప్రమాదవశాత్తూ పుట్టేది అనుకోవడమూ పొరపాటే. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత పార్లమెంటరీ దేశాల్లో ఏర్పడ్డ ప్రభుత్వాల్లో సుమారు మూడో వంతు ఇలాంటివే. డెన్మార్క్‌లో దశాబ్దాలుగా ఇదే మామూలు, మెజారిటీ ప్రభుత్వం వస్తేనే వింత.

మెజారిటీ ఇచ్చేవి, దాచేవి

మెజారిటీకి ఉన్న పెద్ద బలం వేగం. బిల్లు పెట్టిన రోజే దాని గతి తెలిసిపోతుంది. బడ్జెట్ ఆగదు. ఎన్నికల వాగ్దానం అమలు కాకపోతే ‘వాళ్లు అడ్డుపడ్డారు’ అని చెప్పుకునే వీలుండదు, ఓటరు ఎవరిని నిలదీయాలో తికమక పడనక్కర్లేదు. నా లెక్కలో వేగం కన్నా ఈ రెండోదే విలువైనది.

అయితే సీట్ల మెజారిటీ వేరు, ఓట్ల మెజారిటీ వేరు. 2024లో బ్రిటన్‌లో లేబర్ పార్టీ 33.7 శాతం ఓట్లతో 650లో 411 సీట్లు గెలిచింది. 2011లో కెనడాలో ప్రధాని హార్పర్ పార్టీకి 39.6 శాతం ఓట్లతో 308లో 166 వచ్చాయి. ఎవరికి ఎక్కువ ఓట్లొస్తే వారే గెలిచే పద్ధతిలో, ప్రత్యర్థుల ఓట్లు చీలితే మూడో వంతు ఓట్లకే మూడింట రెండొంతుల సీట్లకు దగ్గరగా రావచ్చు. అలాంటి మెజారిటీతో చేసిన చట్టాన్ని తర్వాతి మెజారిటీ అంతే తేలిగ్గా తిరగరాస్తుంది.

పైగా మెజారిటీ ప్రభుత్వంలో బేరసారాలు ఉండవని కాదు. ఉంటాయి, కాకపోతే తలుపులు మూసుకుని సొంత పార్టీలోనే జరుగుతాయి. అక్కడ తెగకపోతే ప్రధానే పోతారు. బోరిస్ జాన్సన్ 2019 డిసెంబరులో 365 సీట్లు గెలిచారు, అంటే 80 సీట్ల ఆధిక్యం. ఆ సభే, ఆ మెజారిటీయే ఉండగా 2022 ఒక్క ఏడాదిలోనే జాన్సన్, ట్రస్, సునాక్ అని ముగ్గురు ప్రధానులు కనిపించారు. ప్రతిపక్షం చిటికెన వేలు కూడా కదపలేదు.

మెజారిటీ కూడగట్టాలన్న పట్టుదలకూ ఖర్చుంది. 2010 ఎన్నికల తర్వాత బెల్జియం పూర్తిస్థాయి ప్రభుత్వం లేకుండా 541 రోజులు గడిపింది. 2021లో నెదర్లాండ్స్‌లో ఎన్నికల నుంచి ప్రమాణ స్వీకారానికి 299 రోజులు పట్టింది. అన్నాళ్లూ ఆపద్ధర్మ ప్రభుత్వమే. మైనారిటీని సహజంగా ఒప్పుకునే దేశాల్లో ఈ నిరీక్షణ చాలా తక్కువ.

పోర్చుగల్: ఒకే ప్రధాని, మూడు రకాల ప్రభుత్వాలు

రెంటినీ పక్కపక్కన పెట్టి చూడాలంటే ఆంటోనియో కోస్టా పాలనను మించిన ఉదాహరణ దొరకదు. 2015లో ఆయన సోషలిస్టు పార్టీకి 230లో 86 సీట్లే, పైగా రెండో స్థానం. లెఫ్ట్ బ్లాక్, కమ్యూనిస్టులు, గ్రీన్స్ ఒక్కొక్కరితో విడివిడిగా లిఖిత ఒప్పందం చేసుకుని ప్రభుత్వం ఏర్పాటు చేశారు. నిండా ఏడాది ఉండదని ఎగతాళి చేశారు. నాలుగేళ్లూ నిండాయి.

2019లో బలం 108కి పెరిగింది. ఈసారి కాగితం మీద ఏమీ రాసుకోలేదు, బిల్లు వచ్చినప్పుడల్లా మాట్లాడుకుందాం అనుకున్నారు. 2021 అక్టోబరు 27న బడ్జెట్ 108–117తో వీగిపోయింది. ఓడించినవాళ్లలో పాత మిత్రులైన లెఫ్ట్ బ్లాక్, కమ్యూనిస్టులు కూడా ఉన్నారు. 2022 జనవరి మధ్యంతర ఎన్నికల్లో ఓటర్లు కోస్టాకు 120 సీట్లతో తిరుగులేని మెజారిటీ ఇచ్చారు. 2023 నవంబరులో, అవినీతి దర్యాప్తు తన కార్యాలయం దాకా రావడంతో, ఆయన రాజీనామా చేశారు.

పూర్తి కాలం నడిచింది 86 సీట్ల ప్రభుత్వం ఒక్కటే. తర్వాతి రెంటిలో ఒకటి ఒప్పందం లేక పోయింది, ఇంకోటి సభతో సంబంధం లేని కారణంతో పోయింది.

ఆ ఒప్పందంలో ఏముండాలి

మద్దతిచ్చే పార్టీ ఖాయంగా హామీ ఇచ్చేది రెండింటికే: విశ్వాస ఓటు, బడ్జెట్. మిగతా బిల్లుల మీద దాని ఇష్టం. బదులుగా ఏయే పనులు ఎప్పటిలోగా చేస్తారో పేరుపేరునా రాయించుకుంటుంది. ‘సామాజిక న్యాయానికి కృషి’ లాంటి వాక్యాలు ఎందుకూ పనికిరావు. ఫలానా పథకం ఫలానా ఏడాదిలోగా అని ఉండాలి. బిల్లు సభకు వచ్చే ముందే చూపించాలన్న షరతు, నాయకులు ఎన్నాళ్లకోసారి కూర్చోవాలన్న సంగతి, ఒప్పందం ముగిసే తేదీ కూడా ఉండాలి. ముందుగా చూపించాలన్న షరతును తేలిగ్గా తీసుకుంటారు గానీ, చాలా ఒప్పందాలు చెడేది విధానం దగ్గర కాదు, ‘మాకు టీవీలో చూస్తే తెలిసింది’ అన్న దగ్గరే.

ఇంత రాసుకున్నా అన్నీ కుదరవు. 2017లో బ్రిటన్ ప్రధాని థెరెసా మే పార్టీకి 650లో 317 సీట్లే వచ్చాయి. ఉత్తర ఐర్లాండ్‌కు చెందిన, 10 మంది సభ్యులున్న డీయూపీ పార్టీతో ఒప్పందం చేసుకుని ఆ ప్రాంతానికి అదనంగా 100 కోట్ల పౌండ్లు ఇచ్చారు, ఒక్కో ఓటుకు 10 కోట్లు పడింది. అయినా ఆమె బ్రెగ్జిట్ ఒప్పందానికి డీయూపీ ఎదురు తిరిగింది. 2019 జనవరి 15న అది 202–432తో చిత్తుగా ఓడింది. మర్నాడు అవిశ్వాస తీర్మానం వస్తే అదే డీయూపీ ప్రభుత్వం వైపు ఓటేసింది: 325–306. ఆ పది ఓట్లు అటు వెళ్లి ఉంటే 315–316, ప్రభుత్వం గల్లంతు. కుర్చీ మిగిలింది, పని జరగలేదు. మైనారిటీ ప్రభుత్వానికి పట్టే అసలు జబ్బు పడిపోవడం కాదు, ఇదిగో ఇదే.

ఓటుకు ఇచ్చే ప్రతిఫలం విధానం రూపంలో ఉంటే రాజకీయం, నోట్ల రూపంలో ఉంటే నేరం. పి.వి. నరసింహారావు ప్రభుత్వంలో రెండూ కనిపిస్తాయి. 1991లో మెజారిటీ లేకుండానే మొదలై, ఆ జూలై నుంచే ఆర్థిక సంస్కరణలను సభ చేత ఒప్పించుకుంది. సాహసమైన నిర్ణయాలకు మెజారిటీ తప్పనిసరి అనేవాళ్లకు అది గట్టి జవాబు. కానీ 1993 జూలైలో 265–251తో అవిశ్వాసం నుంచి బయటపడ్డ తీరే జార్ఖండ్ ముక్తి మోర్చా (జేఎంఎం) ఎంపీల ముడుపుల కేసుకు దారితీసింది. లంచం తీసుకుని సభలో ఓటేసిన సభ్యుడికి ప్రాసిక్యూషన్ నుంచి రక్షణ ఉంటుందన్న 1998 తీర్పును సుప్రీంకోర్టు ఏడుగురు జడ్జీల ధర్మాసనం 2024 మార్చిలో కొట్టేసింది.

పడగొట్టినవాడికి అయ్యే ఖర్చు

జర్మనీలో చాన్సలర్‌ను అవిశ్వాసంతో దించాలంటే అదే ఓటుతో వారసుణ్ణి ఎన్నుకోవాలి. 1982 అక్టోబరు 1న ష్మిట్‌ను దించి కోల్‌ను ఎక్కించింది అలాగే. స్పెయిన్‌దీ అదే పద్ధతి. 350లో 84 సీట్లున్న సాంచెజ్ 2018 జూన్ 1న 180 ఓట్లతో ప్రధాని అయ్యారు. ఈ నియమం ఉన్నచోట, ఒకరినొకరు చూస్తే మండిపడే రెండు ప్రతిపక్షాలు కేవలం కూల్చడానికి చేతులు కలపలేవు. నార్వేలో నాలుగేళ్ల గడువులోపు పార్లమెంటును రద్దు చేయడం కుదరదు. ప్రభుత్వాన్ని పడగొట్టినా ఎన్నికలు రావు, ఉన్న సభ్యులతోనే ఇంకో ప్రభుత్వం చేసుకోవాలి. దాంతో తొందరపాటు తగ్గుతుంది.

ఏ ఖర్చూ లేనిచోట ఏమవుతుందో భారత్‌లో రెండుసార్లు కనిపించింది. 1979లో చరణ్ సింగ్‌కు కాంగ్రెస్ మద్దతు ఎంత త్వరగా పోయిందంటే, ఆయన ప్రధానిగా లోక్‌సభను ఎదుర్కోకుండానే రాజీనామా చేశారు. 1990 నవంబరులో చంద్రశేఖర్ వెంట ఉన్నది 60 మంది చిల్లర, బయటి నుంచి నిలబెట్టిన కాంగ్రెస్ బలం దానికి మూడింతలు. 1991 మార్చిలో ఆ ప్రభుత్వం పూర్తి బడ్జెట్ కూడా పెట్టలేకపోయింది, మధ్యంతర బడ్జెట్‌తో సరిపెట్టి, ఆ నెలలోనే రాజీనామా చేసింది. మద్దతిచ్చే పార్టీ ప్రభుత్వ పార్టీకన్నా పెద్దదైతే, అందులోనూ కాగితం మీద ఏమీ లేకపోతే, అంతకన్నా చెడ్డ ఏర్పాటు ఇంకోటి లేదు. చేతిలో మెజారిటీ లేదు, మైనారిటీకి ఉండాల్సిన రక్షణా లేదు.

బడ్జెట్ రోజు

మైనారిటీ ప్రభుత్వాలు ఎక్కువగా కూలేది బడ్జెట్ దగ్గరే. అందుకే బడ్జెట్ ఓడితే ఆ దేశంలో ఏం జరుగుతుందన్నది ముందే తెలుసుకోవాలి. కెనడాలో అయితే ప్రభుత్వం పోతుంది. 1979 డిసెంబరులో జో క్లార్క్ ప్రభుత్వం 133–139తో అలాగే పోయింది. స్పెయిన్‌లో కొత్త బడ్జెట్ కుదరకపోతే పాతదే కొనసాగుతుంది. 2023 బడ్జెట్‌తోనే 2024, 2025 సంవత్సరాలూ నడిపించారు. ప్రాణానికి ముప్పు లేదు గానీ కొత్తగా ఏదీ చేయలేరు.

స్వీడన్‌లో అయితే ప్రతిపక్షం తన సొంత బడ్జెట్‌ను గెలిపించుకుని ప్రభుత్వం చేత దాన్ని అమలు చేయించవచ్చు. 2021 నవంబరు 24న జరిగింది అదే. ఆ ఉదయం ఆండర్సన్ తొలిసారి ప్రధానిగా ఎన్నికయ్యారు. వ్యతిరేక ఓట్లు 174, ఇంకొక్కటి పడితే ఓడేవారు. మధ్యాహ్నం సభ ప్రతిపక్షాల బడ్జెట్‌ను ఆమోదించింది. ఆ బడ్జెట్‌తో పాలించలేమంటూ భాగస్వామి గ్రీన్స్ తప్పుకుంది. సంకీర్ణం మారితే మళ్లీ సభను అడగాలన్న సంప్రదాయం ప్రకారం ఏడు గంటల్లోనే ఆమె రాజీనామా చేశారు. మొదట్లో చెప్పిన 101 ఓట్ల ఎన్నిక ఐదు రోజుల తర్వాతిది. ఆ తర్వాత ప్రతిపక్షాల బడ్జెట్‌తోనే పాలన మొదలుపెట్టారు. బయటి నుంచి చూస్తే గందరగోళం, లోపల అన్నీ నియమం ప్రకారమే జరిగాయి.

ఫ్రాన్స్ దారి వేరు. రాజ్యాంగంలోని 49.3 అధికరణ కింద ఓటింగ్ లేకుండా బిల్లును నెగ్గించుకోవచ్చు, ఆపాలంటే ప్రతిపక్షమే అవిశ్వాసం గెలవాలి. 2023 మార్చిలో పింఛన్ల సంస్కరణ విషయంలో ఆ అవిశ్వాసం 9 ఓట్ల తేడాతో ఓడింది. 2024 డిసెంబరు 4న మాత్రం 331 ఓట్లతో నెగ్గి ప్రధాని బార్నియే ప్రభుత్వాన్ని దించింది. మెజారిటీ లేనివాళ్ల చేతికి మెజారిటీ ఆయుధం ఇస్తే, ఒప్పించే అలవాటు పెరగదు.

ఎప్పుడు ఏది

ఆకస్మిక సంక్షోభంలో, లేదా జనానికి నచ్చని భారం మోపి దానికి పూర్తి బాధ్యత తీసుకోవాల్సినప్పుడు మెజారిటీ ప్రభుత్వమే మేలు. పదేళ్లు, ఇరవయ్యేళ్లు నిలవాల్సిన చట్టాలకు, లిఖిత ఒప్పందం ఉన్న మైనారిటీ ప్రభుత్వమే మేలని నేనంటాను. కెనడాలో 1963 నుంచి 1968 దాకా ప్రధాని పియర్సన్‌కు ఒక్కరోజు కూడా మెజారిటీ లేదు. మెడికేర్ అనే ప్రభుత్వ ఆరోగ్య బీమా, కెనడా పింఛను పథకం, ఇప్పటి జెండా, అన్నీ ఆ కాలానివే. డెన్మార్క్‌లో అధికార, ప్రతిపక్షాలు కలిసి కుదుర్చుకున్న ఒడంబడికను మార్చాలంటే సంతకం చేసిన ప్రతి పార్టీ ఒప్పుకోవాలి. ప్రభుత్వం మారినా ఒడంబడిక మారదు, మార్పు కోరేవాళ్లు తర్వాతి ఎన్నికలకు ముందే చెప్పి బయటకు రావాలి.

మద్దతిచ్చే చిన్న పార్టీ సంగతే ఎవరూ పట్టించుకోరు. కెనడాలో ఎన్డీపీ 2022 మార్చిలో అధికార పార్టీ లిబరల్స్‌తో ఒప్పందం చేసుకుని ప్రభుత్వం చేత దంతవైద్య పథకం పెట్టించింది. పేరు ప్రభుత్వానికి పోయింది. 2024 సెప్టెంబరులో ఒప్పందం రద్దు చేసుకుంది. 2021లో 25 సీట్లున్న పార్టీ 2025 ఏప్రిల్‌లో 7కి పడిపోయింది. కారణాలు ఇంకా ఉన్నాయి గానీ, ఆ అనుభవం చూశాక ఏ చిన్న పార్టీ అయినా మంత్రి పదవే అడుగుతుంది. న్యూజిలాండ్ దీనికి మధ్యేమార్గం కనిపెట్టింది: మద్దతిచ్చే పార్టీ నాయకుడికి క్యాబినెట్ బయట మంత్రి పదవి. 2005లో విన్‌స్టన్ పీటర్స్ విదేశాంగ మంత్రి అయ్యింది అలాగే. తన శాఖ విషయంలో ప్రభుత్వం మాటకు కట్టుబడాలి, మిగతా విషయాల్లో బహిరంగంగా విమర్శించవచ్చు.