వాన్ బాస్టెన్, వాన్ నిస్టెల్‌రూయ్: ఎవరి క్రీడాజీవితం మేలు?

నెదర్లాండ్స్ ఫుట్‌బాల్ స్ట్రైకర్ల, అంటే గోల్స్ కొట్టడమే పనిగా ముందువరుసలో ఆడేవారి, ప్రస్తావన వచ్చినప్పుడల్లా మార్కో వాన్ బాస్టెన్ పేరు ముందుగా రావడం, రూడ్ వాన్ నిస్టెల్‌రూయ్ పేరు ఎప్పటికోగాని వినిపించకపోవడం అలవాటైపోయింది. ఇద్దరిలో గొప్ప ఆటగాడు ఎవరని అడిగితే నేనూ వాన్ బాస్టెన్ పేరే చెబుతాను. అయితే ఆటగాడి ప్రతిభను తూచడం వేరు, అతడి క్రీడాజీవితాన్ని మొదటినుంచి చివరివరకు తూచడం వేరు. ఈ రెండో తూకంలో ముల్లు ఎటు మొగ్గుతుందో చూడాలన్నదే నా ఉద్దేశం.

1964లో ఉట్రెక్ట్‌లో పుట్టిన వాన్ బాస్టెన్‌కు దారి మొదటినుంచీ పరిచినట్టే ఉంది. 1982 ఏప్రిల్‌లో ఆమ్‌స్టర్‌డామ్ క్లబ్ అయాక్స్ తరఫున తొలిసారి మైదానంలోకి దిగింది సాక్షాత్తూ నెదర్లాండ్స్ దిగ్గజం యోహాన్ క్రైఫ్ స్థానంలో. ఆ మ్యాచ్‌లోనే గోల్ కూడా చేశాడు. ఇరవై ఒకటో ఏట, 1985-86 సీజన్‌లో, 26 లీగ్ మ్యాచ్‌లలో 37 గోల్స్ కొట్టి యూరప్‌లోనే అగ్రస్థానంలో నిలిచాడు. 1976లో ఆస్ పట్టణంలో పుట్టిన వాన్ నిస్టెల్‌రూయ్ అదే వయసుకు డెన్ బాష్ అనే రెండో శ్రేణి క్లబ్బునుంచి అప్పుడే బయటపడి, హీరెన్‌వీన్ ద్వారా పై లీగ్‌లో అడుగుపెట్టాడు. అంతకుముందు కొంతకాలం అతడు మిడ్‌ఫీల్డ్‌లో ఆడాడు కూడా. మరుసటి ఏడాది పీఎస్‌వీ క్లబ్బులో చేరాక మాత్రం 34 మ్యాచ్‌లలో 31 గోల్స్ చేసి, ఆలస్యంగా మొదలైన ప్రయాణానికి ఒక్కసారిగా వేగం తెచ్చాడు.

ట్రోఫీల లెక్క తీస్తే పోటీయే లేదనిపిస్తుంది. 1988 యూరో కప్‌లో ఇంగ్లండ్‌పై మూడు గోల్స్, సెమీఫైనల్‌లో పశ్చిమ జర్మనీపై 88వ నిమిషంలో విజయపు గోల్, మ్యూనిక్ ఫైనల్‌లో ఆర్నాల్డ్ ముహ్రెన్ పంపిన బంతిని గోల్‌రేఖకు దాదాపు ఆనుకున్నంత ఇరుకు కోణంనుంచి గాలిలోనే తన్ని, సోవియట్ గోల్‌కీపర్ దసాయెవ్ తలమీదుగా వలలో పడేసిన ఆ వాలీ, వీటన్నింటినీ వాన్ బాస్టెన్ రెండు వారాల్లో చేసి చూపించాడు. ఇటలీ క్లబ్ మిలాన్ తరఫున 1989, 1990లలో యూరోపియన్ కప్ (క్లబ్బుల మధ్య జరిగే ఈ పోటీయే తరువాత చాంపియన్స్ లీగ్ అయింది), 1988, 1989, 1992లలో యూరప్ ఉత్తమ ఆటగాడికిచ్చే బాలన్ డోర్ అందుకున్నాడు. వాన్ నిస్టెల్‌రూయ్ మాత్రం యూరోపియన్ కప్ ఫైనల్ ఒక్కటీ ఆడలేదు.

అయితే ఇక్కడే లెక్క కొంత తప్పుతోందని నా అభిప్రాయం. యూరోపియన్ కప్‌ను జట్టు గెలుస్తుంది. వాన్ బాస్టెన్ వెనుక బరేసీ, మాల్దీనీ, రైకార్డ్, పక్కన గూలిట్ ఉన్నారు. వాన్ నిస్టెల్‌రూయ్ చాంపియన్స్ లీగ్‌లో మాంచెస్టర్ యునైటెడ్ తరఫున 2001-02, 2002-03, 2004-05 సీజన్లలో, అంటే మూడుసార్లు, అత్యధిక గోల్స్ వీరుడిగా నిలిచాడు. 2003 క్వార్టర్‌ఫైనల్‌లో రియల్ మాడ్రిడ్‌పై రెండు మ్యాచ్‌లలోనూ గోల్ చేశాడు. అయినా జట్టు ఇంటిదారి పట్టింది. ముందున్నవాడు గోల్స్ కొడుతూనే ఉండగా వెనుకనున్నవారు అంతకు మించి ఇచ్చేస్తే ఆ లోటును స్ట్రైకర్ ఖాతాలో రాయడం న్యాయం కాదు.

వాన్ నిస్టెల్‌రూయ్ గోల్స్ అన్నీ గోల్ ముందుండే పెనాల్టీ ఏరియాలో పొంచి ఉండి కొట్టినవేనన్న విమర్శ మరొకటి ఉంది. యునైటెడ్‌కు అతడు 219 మ్యాచ్‌లలో చేసిన 150 గోల్స్‌లో ఒక్కటి తప్ప అన్నీ ఆ గీతల లోపలివే. వాన్ బాస్టెన్ ఆటలోని సొంపు ఇందులో లేదన్న మాట ఒప్పుకోవలసిందే. కానీ బంతి ఎక్కడ పడబోతుందో అందరికన్నా అర క్షణం ముందు పసిగట్టడం కూడా విద్యే. ఆ విద్యతోనే అతడు నెదర్లాండ్స్, ఇంగ్లండ్, స్పెయిన్ లీగ్‌లు మూడింటిలోనూ గోల్స్ పట్టికలో అగ్రస్థానం సాధించాడు. వాన్ బాస్టెన్‌కు అది నెదర్లాండ్స్, ఇటలీ లీగ్‌లలో దక్కింది.

ఇక అసలు తేడా గాయాల దగ్గర ఉంది. 2000 ఏప్రిల్‌లో మోకాలిపై అనుమానంతో యునైటెడ్‌కు వాన్ నిస్టెల్‌రూయ్ బదిలీ ఆగిపోయిన వెంటనే, సాధనలో అదే మోకాలి లిగమెంట్ తెగిపోయింది. అప్పటికి అతడికి ఇరవై మూడేళ్లు. ఏడాది తరువాత యునైటెడ్ అతడినే మళ్లీ పిలిచి తీసుకుంది, పై 150 గోల్స్ అన్నీ ఆ తరువాతివే. తెగిన లిగమెంట్‌ను శస్త్రచికిత్సతో తిరిగి నిర్మించవచ్చు. చీలమండలో అరిగిన మృదులాస్థి మాత్రం తిరిగి రాదు. వాన్ బాస్టెన్‌ను దెబ్బతీసింది ఈ రెండో రకం గాయం. శస్త్రచికిత్స మీద శస్త్రచికిత్స జరిగినా ఫలితం దక్కలేదు. స్ట్రైకర్ల చీలమండలకు ముప్పుగా ఉండే, వెనుకనుంచి కాళ్లపై పడే టాకిల్స్ విషయంలో ఫిఫా గట్టిగా వ్యవహరించడం 1994 ప్రపంచకప్‌తో మొదలైంది. అప్పటికే, 1993 మేలో ఫ్రెంచ్ క్లబ్ మార్సే చేతిలో మిలాన్ ఓడిన చాంపియన్స్ లీగ్ ఫైనల్‌తో, అతడి ఆట ముగిసింది. ఆ మ్యాచ్ కూడా ఐదేళ్ల క్రితం ఆ వాలీ కొట్టిన మ్యూనిక్ స్టేడియంలోనే జరిగింది. అప్పుడతడి వయసు ఇరవై ఎనిమిది. రిటైర్మెంట్ ప్రకటన 1995లో వచ్చింది. వాన్ నిస్టెల్‌రూయ్ ముప్పై దాటాక స్పెయిన్ వెళ్లి, తొలి సీజన్‌లోనే 25 గోల్స్‌తో రియల్ మాడ్రిడ్‌కు లీగ్ సాధించిపెట్టి, హాంబర్గ్, మాలగాల తరఫునా ఆడి 2012లో విరమించాడు.

కాబట్టి ఒకే ఒక్క ఫైనల్‌కు ఒక స్ట్రైకర్‌ను ఎంచుకోమంటే వాన్ బాస్టెన్‌ను ఎంచుకుంటాను. మొత్తం క్రీడాజీవితాన్ని ఎంచుకోమంటే వాన్ నిస్టెల్‌రూయ్ వైపే మొగ్గుతాను. జాతీయ జట్టులోనూ వాన్ బాస్టెన్‌వి 58 మ్యాచ్‌లలో 24 గోల్స్, వాన్ నిస్టెల్‌రూయ్‌వి 70 మ్యాచ్‌లలో 35.

ఈ తూకాన్ని వాన్ బాస్టెన్ తానే ఒకసారి వేయవలసి రావడం విచిత్రం. 2006 ప్రపంచకప్‌లో నెదర్లాండ్స్ కోచ్ అతడే. నురెంబర్గ్‌లో పోర్చుగల్‌తో మ్యాచ్‌కు వాన్ నిస్టెల్‌రూయ్‌ను పక్కన కూర్చోబెట్టాడు. ఒక గోల్ వెనుకబడి చివరి నిమిషాల్లో స్ట్రైకర్ కావలసి వచ్చినప్పుడు కూడా వెన్నెగోర్ ఆఫ్ హెస్సెలింక్‌ను దించాడు. జట్టు 1-0తో ఓడింది. ఆ తరువాత జాతీయ జట్టునుంచి తప్పుకున్న వాన్ నిస్టెల్‌రూయ్ మళ్లీ వచ్చి 2008 యూరోలో ఆడాడు. రష్యాతో క్వార్టర్‌ఫైనల్‌లో 86వ నిమిషంలో స్కోరు సమం చేసిన గోల్ అతడిదే; అదనపు సమయంలో రష్యా మరో రెండు గోల్స్ చేయడంతో కోచ్‌గా వాన్ బాస్టెన్ పదవీకాలం అక్కడితో ముగిసింది.