స్తంభం వెనుక టాంగో

అర్జెంటీనా రాజధాని బ్యూనస్ ఐరిస్‌కు టాంగో జంట నాట్యం కోసం వెళ్లేవారికి ముందే చెబుతున్నాను: హోటల్ కౌంటర్ దగ్గర షో టికెట్ కొనకండి. మేం కొన్నాం. మనిషికి 110 డాలర్లు, ముగ్గురికి 330. అందులోనే భోజనం, వ్యానులో రానుపోను ప్రయాణం, వేదికకు దగ్గరగా సీట్లు అన్నారు.

వ్యాను వచ్చింది. దారిలో ఆరు హోటళ్ల ముందు ఆగి, ఇరవై నిమిషాల దూరానికి గంటా పది నిమిషాలు తిప్పింది. సీట్లు నిజంగానే వేదికకు దగ్గర. కాకపోతే మధ్యలో లావుపాటి స్తంభం! నాకు నర్తకుడి ఎడమ భుజం, మా ఆవిడకు నర్తకి కుడికాలు కనిపించాయి. ఇద్దరం కలిసి ఒక జంటను చూశామన్నమాట. సీటు మార్చమంటే అన్నీ నిండిపోయాయన్నారు. మా ఎదుటి బల్ల చివరిదాకా ఖాళీగానే ఉంది.

బావగారు శాకాహారి. ఆ మాట రెండుసార్లు చెప్పించాం. అందరికీ పళ్లెం నిండా గొడ్డుమాంసం, ఆయనకు ఉడికించిన బంగాళాదుంప ముక్కలు నాలుగు, టమోటా సగం. ఉప్పు అడిగి తెప్పించుకున్నారు. తిరుగు ప్రయాణంలో ఒకే ఒక్క మాట అన్నారు: "110 డాలర్లకు ఎన్ని బస్తాలు వస్తాయో లెక్కేస్తున్నాను." మా ఆవిడ నవ్వలేదు. ఆ హోటల్ ఎంపిక ఆమెదే.

మర్నాడంతా ఒబెలిస్క్ అనే స్మారక స్తంభం, కొలోన్ థియేటర్ చుట్టూ గడిచిపోయింది. శాంతా ఫే వీధిలోని ఎల్ అతెనెయో పుస్తకాల దుకాణానికి మాత్రం తప్పకుండా వెళ్లండి. 1919లో కట్టిన నాటకశాల అది. ఇప్పుడు బాల్కనీల నిండా పుస్తకాలే, తెర లేచే చోట కాఫీ బల్లలు. ప్రవేశ రుసుము లేదు, స్తంభాలూ అడ్డురావు.

చకరీతా శ్మశానంలో కార్లోస్ గార్డెల్ సమాధి చూశాం. 1935లో కొలంబియాలోని మెదెయీన్‌లో విమాన ప్రమాదంలో పోయిన టాంగో గాయకుడు. నిలువెత్తు కంచు విగ్రహం వేళ్ల మధ్య అభిమానులు వెలిగించిన సిగరెట్ పెట్టి వెళతారు. "రోజురోజుకూ ఇంకా బాగా పాడుతున్నాడు" అని అక్కడివారు ఇప్పటికీ అంటారు. ఘంటసాల పాట వినిపిస్తే పని ఆపేసే బావగారికి ఆ మాట వివరించనక్కరలేకపోయింది.

అసలు టాంగో నాలుగో రాత్రి దొరికింది. మిలోంగా అంటే ఊరివాళ్లు తమకోసం తాము ఆడుకునే చోటు. ప్రవేశానికి మా దగ్గర మనిషికి 9 డాలర్లు తీసుకున్నారు. రాత్రి మిలోంగాకైతే పదకొండు దాటాక వెళ్లండి, అంతకుముందు కుర్చీలు తప్ప ఎవరూ ఉండరు. అక్కడ నాట్యానికి నోటితో పిలవరు. దూరం నుంచి కళ్లు కలిపి తల ఊపితే అదే పిలుపు, అవతలివారు తిరిగి ఊపితే ఒప్పుకున్నట్టు. మూడు నాలుగు పాటలు ఒక విడత, దాని పేరు తాందా. మధ్యలో వదిలేసి వచ్చేయడం మర్యాద కాదు.

ఇదంతా మాకు తరువాత తెలిసింది. బావగారు మాత్రం కచేరీలో కూర్చున్నట్టు, చేతుల మధ్య సాగదీస్తూ వాయించే బాందోనియాన్ వాద్యానికి తన్మయంగా తల ఊపుతున్నారు. చూపు ఎదుటి వరుసలో ఉన్న డెబ్బై ఏళ్ల ఆవిడ మీద నిలిచింది. ఆవిడా తల ఊపి ఎదురుచూసింది. పక్కాయన ఈయన భుజం తట్టి లేపాడు. "అన్నయ్యా, ఎక్కడికీ?" అంటూ మా ఆవిడ కంగారుపడింది. ఆ పెద్దావిడ నాలుగు పాటల పాటు ఆయనను జాగ్రత్తగా నడిపించి, తెచ్చి కూర్చోబెట్టింది. బంగాళాదుంపల లెక్క ఆ రాత్రితో ఆగిపోయింది.

శాకాహారులకు ఒక మాట: రొట్టెల దుకాణంలో కజ్జికాయలాంటి మొక్కజొన్న ఎంపనాడాను "ఉమీతా" అని అడగండి. వేడివేడిగా మూడు తింటే పూట గడిచిపోతుంది.

ఖాళీ చేసే రోజు కౌంటర్ అబ్బాయి షో బాగుందా అని నవ్వుతూ అడిగాడు. బావగారు అతని కళ్లలోకే చూస్తూ, తల ఇసుమంతైనా కదపకుండా నిలబడ్డారు.