మనసుల ఎత్తుపల్లాలు గీసే వేలి పట్టీ

మనసు కదిలినప్పుడు చర్మంలో వచ్చే మార్పును పట్టుకునే ఈ సెన్సర్ వాడబట్టి మూడు నెలలైంది. రెండు వేళ్లకు పట్టీలు చుట్టుకుని నడిస్తే చాలు, చెమట వల్ల చర్మంలో విద్యుత్ ప్రసారం ఎంత మారిందో మైక్రోసీమెన్స్ అనే యూనిట్లలో కొలిచి, జీపీఎస్ గుర్తులతో కలిపి దాచుకుంటుంది. క్రిస్టియన్ నోల్డ్ అనే కళాకారుడు 2004లో మొదలుపెట్టిన బయో మ్యాపింగ్ పద్ధతి, అంటే నడిచిన దారిలో మనసు స్పందనల్ని మ్యాప్ మీద గీయడం, ఇదే.

మేం పదకొండు మందిమి ఒకే దారిలో నడిచి లెక్కలన్నీ కలిపాం. చదునైన వీధి కాస్తా తెర మీద కొండలూ లోయలుగా లేచింది! అన్నిటికంటే ఎత్తైన శిఖరం నాలుగు రోడ్ల కూడలిదే అయ్యుంటుందనుకున్నా. కాదు, పాత బడి గేటుది. అక్కడ చదువుకున్నవాళ్ల గీతలు నిలువునా లేచాయి. ఒకావిడ కళ్లు తుడుచుకుంది, పక్కనున్నాయన నవ్వుతున్నాడు. గీత ఎత్తు మాత్రం ఇద్దరిదీ దాదాపు ఒకటే.

చిక్కంతా అక్కడే. మనసు కదిలిందని చెబుతుంది గానీ ఎటు కదిలిందో చెప్పదు. అందుకే చేతిలో నోటుపుస్తకం ఉండాల్సిందే. చర్మం స్పందించడానికి ఒకటి నుంచి మూడు సెకన్లు పడుతుంది కాబట్టి గబగబా నడిస్తే శిఖరం కొన్ని అడుగులు ముందుకు జరిగిపోతుంది. శ్రమ పడ్డా చెమట పడుతుంది కాబట్టి మెట్లెక్కేటప్పటి లెక్కల్ని నేను తీసేస్తున్నా. పట్టీకున్న వెల్క్రో అప్పుడే వదులైపోయింది, అది బాగుచేయాలి.

వచ్చే ఆదివారం అదే దారిలో రాత్రిపూట నడవబోతున్నాం.