గెర్కిన్ బజ్జీకి ఏ పిండి మేలు? మూడు గిన్నెలు, ఒక బాణలి

బెంగళూరులో జూలై సాయంత్రాలు ఎలా ఉంటాయో ఇక్కడున్న వాళ్ళకి చెప్పనక్కర్లేదు. నాలుగింటికి మబ్బు పడుతుంది, ఐదింటికి తుంపర మొదలవుతుంది, ఇంట్లో అందరికీ నూనెలో వేగినది ఏదో ఒకటి కావాలనిపిస్తుంది. మిరపకాయ బజ్జీ, ఉల్లి పకోడీ ఎప్పుడూ ఉండేవే. ఈ ఏడాది మా ఇంట్లో వాటికి ఇంకొకటి తోడైంది. వెనిగర్‌లో ఊరిన గెర్కిన్‌ను (కీర దోస జాతి చిన్న కాయ) చక్రాలుగా కోసి, పిండిలో ముంచి వేయించడం.

దీన్ని మొదట తిన్నది చర్చ్ స్ట్రీట్‌లో ఒక చోట. పేరు బాగుంది, ప్లేటూ బాగుంది. కానీ కొరకగానే పైపొర మొత్తం ఊడి చేతిలోకి వచ్చింది, లోపలి ముక్క తడితడిగా జారిపోయింది. అయినా ఆ పులుపు, ఉప్పు, వేడి కలిసిన రుచి మాత్రం నాలుక మీద ఉండిపోయింది. ఇంట్లో చేస్తే సరిగ్గా వస్తుందా, వస్తే ఏ పిండితో వస్తుంది అన్నది తేల్చుకోవాలనిపించింది. ఒక ఆదివారం మూడు గిన్నెల్లో మూడు రకాల పిండి కలిపి కూర్చున్నాను.

ఇది అమెరికా చిరుతిండి. ఆర్కన్సా రాష్ట్రంలోని అట్కిన్స్ అనే చిన్న ఊళ్ళో, డచెస్ డ్రైవిన్ అనే హోటల్ నడిపిన బెర్నెల్ ఆస్టిన్ 1963లో దీన్ని అమ్మడం మొదలుపెట్టాడు. ఆయన హోటల్‌కి ఎదురుగానే ఊరగాయల ఫ్యాక్టరీ ఉండేది. ఎదురింట్లో దొరికేదాన్ని బాణలిలో వేసి చూడటం ఏ దేశంలోనైనా వంట చేసేవాళ్ళకి మామూలే. కానీ ఈ కథలో మన వంతు కూడా ఉంది. 1990లలో కర్ణాటకలో చిన్నగా మొదలైన గెర్కిన్ సాగు తర్వాత తమిళనాడు, ఆంధ్ర, తెలంగాణకి పాకింది. మన దగ్గర పండిన కాయే డ్రమ్ముల్లో, సీసాల్లో అమెరికాకీ యూరప్‌కీ వెళ్తుంది. 2020-21లో దేశం నుంచి ఎగుమతైన గెర్కిన్, కీర దోస కలిపి 2,23,515 టన్నులు. మా కుప్పం వైపు కూడా ఈ కాయ చూసినవాళ్ళు చాలామందే ఉన్నారు, తిన్నవాళ్ళే తక్కువ.

ఆ ఆదివారం అమ్మ కుప్పం నుంచి వచ్చి ఉంది. గట్టు మీద వరసగా పెట్టిన గిన్నెలు చూసి, "ఊరగాయని మళ్ళీ నూనెలో ఎయ్యడమేందిమే?" అంది. "ఒక్కటి తిని చూడుమా, తర్వాత తిడుదువులే" అన్నాను. కుర్చీ లాక్కుని స్టవ్ పక్కనే కూర్చుంది. పిండి జారు సరిపోయిందా లేదా అని గరిటె ఎత్తి చూడటం ఆమెకి అలవాటు, ఆ రోజు మూడు గిన్నెలూ ఆమె చేతి మీదుగానే వెళ్ళాయి.

పిండి సంగతికి ముందు తడి సంగతి చెప్పాలి. ఇది కుదరకపోతే ఏ పిండీ నిలవదు. తియ్యగా లేని గెర్కిన్ సీసా తీసుకుని, కాయల్ని అర సెంటీమీటరు కన్నా కాస్త తక్కువ మందంలో చక్రాలుగా కోశాను. పాత నూలు పంచె ముక్క పరిచి, ఒకదానికొకటి తగలకుండా పేర్చాను. పది నిమిషాలకి ప్రతి చక్రం చుట్టూ పచ్చటి తడి మరక వచ్చింది. వాటిని తిరగేసి, బట్ట మీద పొడిగా ఉన్న చోటికి జరిపాను. మళ్ళీ పది నిమిషాలకి మళ్ళీ మరకలు, కానీ ఈసారి చిన్నవి. మూడోసారి బట్ట దాదాపు పొడిగానే ఉంది. మొత్తం అరగంట. ఆ పైన ఇంకో బట్ట వేసి అరచేత్తో మెత్తగా అద్దాను. ముక్కలో మిగిలిన నీళ్ళు వేడి నూనెలో ఆవిరై పిండి పొరని లోపల్నుంచి తోసేస్తాయి, పొర ఊడేది అందుకే. చర్చ్ స్ట్రీట్ ప్లేటులో జరిగింది ఇదేనని నా నమ్మకం. ఆరాక ప్రతి చక్రాన్నీ పొడి కార్న్‌ఫ్లోర్‌లో ఒకసారి దొర్లించి, ఎక్కువైంది దులిపేశాను. పిండి పట్టుకోవడానికి ఆ పొడి పూత చాలా అవసరం.

మొదటి గిన్నెలో మన బజ్జీల పిండి. కప్పు సెనగపిండికి పావు కప్పు బియ్యప్పిండి, కారం, నలిపిన వాము, ఒక చెంచా కాచిన నూనె. ఉప్పు వెయ్యలేదు, గెర్కిన్‌లో ఉన్నదే చాలా ఎక్కువ. వంటసోడా కూడా వెయ్యలేదు. ఇది గుర్తుపెట్టుకోండి. మిరపకాయ బజ్జీకి చిటికెడు సోడా వేసే చెయ్యి ఇక్కడా వేసేస్తుంది. కానీ వెనిగర్ పులుపు తగలగానే సోడా గిన్నెలోనే పొంగిపోతుంది, పిండి వదులై నూనె తాగుతుంది. ఒక వాయి అలా చేసి చూశాను, కాగితం మీద పెట్టగానే కాగితం అద్దంలా అయిపోయింది.

రెండో గిన్నెలో అర కప్పు మైదా, పావు కప్పు బియ్యప్పిండి, పావు కప్పు కార్న్‌ఫ్లోర్, మిరియాల పొడి. నీళ్ళకి బదులు ఫ్రీజర్‌లో ఇరవై నిమిషాలు పెట్టిన తాగే మామూలు సోడా, ముప్పావు కప్పు. బజ్జీ పిండిని ఎంత గిలక్కొడితే అంత మంచిది, దీన్ని మాత్రం ఫోర్క్‌తో పది తిప్పులు తిప్పి వదిలెయ్యాలి, ఉండలున్నా పరవాలేదు. ఎక్కువ కలిపితే మైదాలో జిగురు పుట్టి పొర సాగుతుంది. చల్లదనం ఆ జిగురుని ఆపుతుంది, సోడాలోని గాలి బుడగలు నూనెలో పడగానే చిట్లి పొరని తేలిక చేస్తాయి. బియ్యప్పిండిలో ఆ జిగురు అసలు ఉండదు, నూనె కూడా తక్కువ పీలుస్తుంది. ఈ పిండిని కలిపిన వెంటనే వాడెయ్యాలి. అరగంట ఉంచితే సోడా కలిపిన ప్రయోజనం పోతుంది.

మూడోది గిన్నె కన్నా పళ్ళేల పని. మైదాలో అద్ది, గరిటెజారుగా గిలక్కొట్టిన పెరుగులో ముంచి, చిరోటి రవ్వలో దొర్లించడం. అమెరికా దక్షిణాదిలో మజ్జిగలో ముంచి మొక్కజొన్న పిండి అద్దే పద్ధతి ఉంది, దానికి దగ్గరగా వెళ్దామని కొంచెం మొక్కజొన్న రవ్వ కూడా కలిపాను. చిరోటి రవ్వ బెంగళూరులో ఏ కిరాణా కొట్టులో అడిగినా ఇస్తారు, అంత సన్నటి రవ్వ కుప్పంలో అన్నిసార్లూ దొరకదు. రవ్వ పట్టించాక పది నిమిషాలు ఫ్రిజ్‌లో పెడితే పూత గట్టిపడుతుంది.

బాణలిలో వేరుసెనగ నూనె, 180 డిగ్రీల దగ్గర. థర్మామీటర్ లేకపోతే ఒక చుక్క పిండి వేసి చూడండి, అది సగం మునిగి వెంటనే పైకి రావాలి. అడుగుకి పోయి కూర్చుంటే ఇంకా కాగాలి, పడగానే నల్లబడితే మంట తగ్గించాలి. ఒక వాయికి ఆరేడు ముక్కలే. పది వేస్తే నూనె చల్లారి, అన్నీ మెత్తగా వస్తాయి. తీశాక జాలీ మీద పెట్టాలి. పళ్ళెంలో కుప్పగా పోస్తే అడుగున ఉన్నవి తమ ఆవిరికి తామే నానిపోతాయి.

ఒక్కోదాన్ని దింపిన వెంటనే ఒకటి, పావుగంటకి ఒకటి, అరగంటకి ఒకటి కొరికి చూశాం.

వేడివేడిగా ఉన్నప్పుడు రెండో గిన్నెదే గెలుపు, అందులో సందేహం లేదు. పొర పలుచగా, పెళపెళలాడుతూ విరిగింది, వెంటనే గెర్కిన్ వాసన తేటగా ముక్కుకి తగిలింది. ఆ వాసన ఏమిటో అమ్మే చెప్పింది. "ఇది సోయికూర కదా" అంది. నిజమే, ఈ సీసాల్లో కాయతో పాటు ఊరేది సోయికూరే, ఇక్కడ సబ్బసిగె సొప్పు అంటారు. బెంగళూరు వాళ్ళు అక్కి రొట్టెలో, వడల్లో వేసుకునేది అదే ఆకు. పావుగంటకి ఈ పొర కొద్దిగా తగ్గింది, అరగంటకి పూర్తిగా మెత్తబడింది.

రవ్వ పూత మొదట కొంచెం గరుకుగా అనిపించింది, కానీ అరగంట తర్వాత కూడా కరకర పోలేదు. చుట్టాలు వచ్చి కబుర్లలో పడిపోతే పనికొచ్చేది ఇదే. ఎయిర్ ఫ్రయర్‌లో పెట్టగలిగేది కూడా ఇదొక్కటే, పైన కాస్త నూనె రాస్తే. జారు పిండి అందులో పెడితే జాలీలోంచి కారిపోతుంది.

సెనగపిండి గెలవాలని నాకు మనసులో చాలా ఉంది. మన పిండి, మన చేతివాటం, వాము వాసన. కానీ గెర్కిన్‌తో అది కుదరలేదు. పొర బాగానే వచ్చింది, పావుగంట వరకూ కరకరగానే ఉంది, ఊడలేదు. లోపం రుచిలో. సెనగపిండికి తనదైన గట్టి రుచి ఉంది. గెర్కిన్‌ది నెమ్మదైన కాయ, సోయికూర వాసన మరీ సున్నితం. రెండు నమలగానే వాము, కారం, సెనగపిండి తప్ప ఏమీ మిగల్లేదు. లోపల సొరకాయ ఉన్నా అలాగే ఉండేదేమో.

అక్కడితో ఆగిపోయి ఉంటే సెనగపిండికి అన్యాయం జరిగేది. అమ్మ తెచ్చిన సంచిలో ఉప్పునీళ్ళలో ఊరిన మామిడికాయల సీసా ఉంది. "అదెట్లా చేస్తివి గదా, ఇది కూడా ఎయ్యి" అని తనే మూత తీసింది. టెంక వదిలి పలుచగా కోసి, ఉప్పు తగ్గడానికి ఇరవై నిమిషాలు మంచినీళ్ళలో వేసి, మళ్ళీ అదే పంచె మీద అరగంట ఆరబెట్టాను. సోడా పిండిలో వేయిస్తే పళ్ళు పులిశాయి, ఆ పలుచటి పొరకి అంత పులుపుని ఆపే బలం లేదు. సెనగపిండిలో వేయించినది మాత్రం అద్భుతం. మామిడి పులుపు, సెనగపిండి కమ్మదనం, వాము ఘాటు, ఏదీ ఇంకోదాన్ని మింగలేదు. మూడు ముక్కలు తిన్నాక అమ్మ గెర్కిన్ పళ్ళేన్ని నా వైపు జరిపి, మామిడిది తన దగ్గర పెట్టుకుంది.

మిగతా ఊరగాయల గురించి చాలామంది అడుగుతారు కాబట్టి ఒక మాట. ఆవకాయ ముక్కతో ప్రయత్నించకండి. నూనెలో మునిగిన ముక్కకి పిండి పట్టదు, పైనున్న ఆవపిండి, కారం బాణలిలో మాడి చేదెక్కుతాయి. కడిగేస్తే అది ఆవకాయే కాదు. ఉప్పులో ఊరిన నిమ్మకాయ తొక్క వేడికి చేదు చేస్తుంది. మజ్జిగ మిరపకాయలకి పిండి అవసరమే లేదు, అవి ఉన్నవి ఉన్నట్టు వేయించుకోవడానికే ఎండాయి.

సీసా గెర్కిన్ కొనాలా, ఇంట్లో కీర దోస ఊరబెట్టుకోవాలా? నేను రెండూ చేశాను. ఖర్చు ఇంట్లోదే తక్కువ. సమానంగా వెనిగర్, నీళ్ళు, ఉప్పు, కొద్దిగా పంచదార కాచి చల్లార్చి, వెల్లుల్లి, ఆవాలు, మిరియాలు, ఒక పిడికెడు సోయికూరతో కీర ముక్కల మీద పోస్తే రెండు రోజుల్లో సిద్ధం. సోయికూర తాజాగా దొరికే ఊళ్ళో ఉన్నాం కాబట్టి వాసన సీసాదాని కన్నా బాగుంటుంది, ఇది నేను ఒట్టేసి చెప్పగలను. కానీ కీరలో నీళ్ళు ఎక్కువ, గింజల చోట మెత్తన. సన్నటి లేత కాయలు ఏరుకుని, ముందు ఉప్పు చల్లి గంట సేపు నీరు దిగనిచ్చి పిండాలి. అంత చేసినా నూనెలో పడ్డాక సీసా గెర్కిన్‌కి ఉండే కరుకుదనం దీనికి రాదు. వేయించడానికైతే సీసాదే కొనండి, అన్నంలోకో శాండ్‌విచ్‌లోకో అయితే ఇంట్లోది పెట్టుకోండి.

నంజుకోవడానికి అమెరికా వాళ్ళు మయొనైజ్ లాంటివి వాడతారు. మాకు నచ్చింది బట్టలో వడకట్టిన పెరుగు, దంచిన వెల్లుల్లి, కొత్తిమీర. ఉప్పు అందులో కూడా వద్దు.

ఉప్పు మాట వచ్చింది కాబట్టి, రోజుకి మనిషికి ఐదు గ్రాముల లోపే అని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. గెర్కిన్‌లో ఉప్పు ఎక్కువే కాబట్టి ముక్కలు లెక్కపెట్టుకుని తినాలి. అమ్మకి బీపీ ఉంది. అందుకని ఆమె వాటా ముక్కల్ని పది నిమిషాలు మంచినీళ్ళలో వేసి తీస్తాను, ఆ తర్వాత ఆరబెట్టడం అరగంట కాదు, ముప్పావుగంట. రుచి కొంత తగ్గుతుంది, కరకర తగ్గదు.

పోయిన వారం కుప్పం నుంచి అమ్మ ఫోన్. అక్కడ పక్కింటావిడకి చేసి పెట్టిందట, మామిడికాయతోనే. "పొర ఊడిపోయిందిమే" అంది. ఎంతసేపు ఆరబెట్టావమ్మా అని అడిగితే, పది నిమిషాలంట, పక్కింటావిడ తొందర చేసిందంట. "బట్ట మీద మరక పడకుండా అయ్యేదాకా ఆగాల్సింది" అన్నాను. సీసాలో ఇంకా నాలుగు కాయలున్నాయంట, ఆదివారం మళ్ళీ వేస్తానంది.