ప్రశ్నను అడిగించాలా, సంఘటనలో పెట్టాలా? షార్ట్ ఫిల్మ్‌కు ఏది మేలు?

చావంటే ఏమిటి, మనిషికి నిజంగా కావాల్సిందేమిటి లాంటి ప్రశ్నల మీద షార్ట్ ఫిల్మ్ రాయాలంటే రెండు దారులు కనిపిస్తాయి. ప్రశ్నను నేరుగా అడిగించడం ఒకటి, ఒక సంఘటన రాసి ప్రశ్నను ప్రేక్షకుడికే వదిలేయడం రెండోది. పోలండ్ దర్శకుడు క్రిస్టోఫ్ కీస్లోవ్‌స్కీ రెండూ చేశాడు.

1980లో ఆయన తీసిన ‘టాకింగ్ హెడ్స్’ దాదాపు పావుగంట డాక్యుమెంటరీ. నువ్వెవరు, నీకు అన్నిటికన్నా ముఖ్యంగా ఏం కావాలి అని పసిబిడ్డ నుంచి నూరేళ్ల అవ్వ దాకా అందర్నీ అడిగి, జవాబులను వయసు వరసలో పేర్చాడు. నటులు లేరు, కథ లేదు. ఇంకా బతకాలనుందని చివర్లో అవ్వ అంటుంది. అంతమంది కోరికలు విన్నాక వచ్చింది కాబట్టే ఆ మాట అంత బలంగా తగులుతుంది. ఆ వరసే దాని స్క్రీన్‌ప్లే.

లాయర్ క్రిస్టోఫ్ పీసేవిచ్‌తో కలిసి 1980ల చివర్లో రాసిన ‘డెకలాగ్’ది రెండో దారి. టీవీ కోసం తీసిన పది సినిమాలు, ఒక్కోటి సుమారు గంట. మొదటిదాంట్లో ఒక ప్రొఫెసర్, చెరువు మీద గడ్డకట్టిన మంచు తన కొడుకు బరువు మోస్తుందా అని కంప్యూటర్‌లో లెక్క వేస్తాడు. మోస్తుందనే వస్తుంది. అయినా మనసొప్పక రాత్రి తనే వెళ్లి మంచు మీద నడిచి చూస్తాడు. తర్వాత మంచు విరిగి పిల్లాడు చనిపోతాడు. తండ్రి చేయాల్సిందంతా చేశాడు, మరి తప్పెక్కడ? సినిమా చెప్పదు.

ఇందులోనూ చావంటే ఏమిటని పిల్లాడు సూటిగానే అడుగుతాడు. కానీ అంతకుముందే వాడు వీధిలో చచ్చిపడున్న కుక్కను చూశాడు. అడగక ఉండలేని స్థితి వాడిది. మన షార్ట్ ఫిల్ముల్లో మేడ మీద కూర్చుని జీవితం గురించి మాట్లాడుకునే స్నేహితులకు చాలాసార్లు ఆ అవసరమే కనిపించదు. వాళ్ల మాటల్లో రచయితే వినిపిస్తాడు, పైన వాయిస్ ఓవర్ కూడా పెడితే మరీనూ.

అందుకే కథ రాసేవాళ్లకు రెండో దారే మేలంటాను. ముందు ఎవరికో ఏదో జరగనివ్వండి, తర్వాత కూడా ప్రశ్న నోటికి వస్తే అప్పుడు డైలాగ్ రాయండి. వయసును బట్టి, బతుకును బట్టి జవాబు మారే ప్రశ్నయితే మాత్రం కల్పిత పాత్రలెందుకు? కెమెరా పట్టుకుని బస్టాండ్‌కు వెళ్లి నిజమైన మనుషుల్నే అడగండి.