సెసిల్ టేలర్, మాక్స్ రోచ్ ‘హిస్టారిక్ కాన్సర్ట్స్’ : ఒక పియానో, ఒక డ్రమ్ సెట్, అంతే

ఫ్రీ జాజ్ (ముందే అనుకున్న బాణీ, తాళం లాంటి కట్టుబాట్లు లేకుండా వాయించే జాజ్) అనగానే "అదంతా గోల కదా" అని పక్కన పెట్టేసేవాళ్ళకి నేను ముందు ఇచ్చే ఆల్బమ్ ఇదే. తేలిగ్గా ఉంటుందని కాదు, అస్సలు ఉండదు. కానీ వాయించేది ఇద్దరే కాబట్టి ఎవరేం చేస్తున్నారో చెవికి విడివిడిగా అందుతుంది. ఏడెనిమిది మంది ఒకేసారి ఊదేసే రికార్డుల్లో కొత్తవాళ్ళకి ఆ వీలే ఉండదు.

1979 డిసెంబర్ 15న న్యూయార్క్‌లో, కొలంబియా యూనివర్సిటీ మెక్‌మిలిన్ థియేటర్లో జరిగిన కచేరీ ఇది. ఇటలీకి చెందిన సోల్ నోట్ లేబుల్ 1984లో రిలీజ్ చేసింది. వయసులో వీళ్ళిద్దరికీ ఐదేళ్ళే తేడా, రోచ్ 1924లో పుడితే టేలర్ 1929లో, కానీ సంగీతంలో మాత్రం చాలా దూరం. డ్రమ్మర్ రోచ్ 1940ల్లో శాక్సాఫోన్ వాయించే చార్లీ పార్కర్‌తో కలిసి వాయించి, బీబాప్‌లో (అప్పట్లో వచ్చిన వేగమైన జాజ్ పద్ధతి) డ్రమ్స్ ఎలా ఉండాలో ఖాయం చేసినవాళ్ళలో ఒకరు. పియానిస్టు టేలరేమో 1950ల చివర్నుంచీ పాట చట్రం, బీటు, కార్డ్స్ (కలిపి మోగించే స్వరాల గుంపులు) అన్నీ ఒక్కొక్కటే వదిలించుకుంటూ పోయినాయన. మరి వీళ్ళిద్దరూ ఒకే స్టేజి మీద ఏం చేసుకుంటారు అన్నదే ఈ రికార్డులో అసలు విషయం.

మొదట్లో ఎవరి సోలో వాళ్ళు వాయిస్తారు, చిన్నవే. అవి స్కిప్ చేయొద్దు దయచేసి. రోచ్ సోలోలో డ్రమ్స్ ఎంత శుభ్రంగా ట్యూన్ చేసి ఉన్నాయో గమనించండి, ఒక్కో డ్రమ్ముకి ఒక్కో స్వరం తెలుస్తూ ఉంటుంది, ఒక చిన్న మాటలాంటిది వాయించి దాన్నే కొంచెం మార్చి మళ్ళీ వాయిస్తారు. అంటే ఆయన డ్రమ్స్ మీద పాట కడుతున్నారు. తర్వాత టేలర్ పియానో వింటే అది పూర్తిగా తిరగబడి కనిపిస్తుంది. పక్కపక్కన ఉన్న మెట్లన్నీ అరచేత్తో ఒకేసారి నొక్కడం, కింది స్థాయిలో ఒక ముక్క వేసి దానికి పైస్థాయిలో వెంటనే జవాబివ్వడం, రెండు చేతులూ ఒకదాని మీంచి ఒకటి పరిగెత్తడం. ఆయన పియానోని 88 శ్రుతి చేసిన డ్రమ్ములు అనేవాళ్ళు ఊరికే అనలేదు. ఇక్కడ డ్రమ్స్ పాడతాయి, పియానో మోగుతుంది. ఇది చెవికెక్కిందంటే ఆ తర్వాతొచ్చే డ్యూయెట్లు దారి తప్పించవు.

డ్యూయెట్లు రెండు భాగాలు, ఒక్కోటీ దాదాపు 40 నిమిషాలు, మధ్యలో ఆగడం లేదు. నా సలహా ఏంటంటే మొదటిసారి పియానోని వదిలేసి రోచ్‌నే పట్టుకుని వినండి. పియానో వరదలా మీద పడుతున్నా ఆయన కంగారు పడరు, అంత వేగంలోనూ దెబ్బ దెబ్బకీ మధ్య ఖాళీ వినబడుతుంది. తాళం వేసుకుంటూ వినడానికి కుదరదు, లెక్కపెట్టడానికి ఏమీ దొరకదు, కానీ నడక ఉంది, ఆ నడక ఎక్కువగా ఆయన పాదాల్లో ఉంది. కాలితో మోగించే హై హ్యాట్ (జంట సింబల్స్) మీదా బేస్ డ్రమ్ మీదా చెవి పెడితే దొరుకుతుంది. కింది స్వరాలు పలికించే బేస్ (పెద్ద తంత్రీవాద్యం) వాయించేవాళ్ళు లేరు కదా, ఆ లోటు టేలర్ ఎడమచెయ్యి తీరుస్తుంది, కింది మెట్ల మీద అలా ఉరుముతూనే ఉంటుంది.

నాకు బాగా నచ్చింది ఏంటంటే ఇద్దరూ ఒకళ్ళని ఒకళ్ళు అనుకరించరు. ఇలాంటి జోడీ రికార్డుల్లో ఒకళ్ళు టక టక అంటే రెండోవాళ్ళూ టక టక అనడం మామూలు, కాసేపటికి విసుగొస్తుంది. ఇక్కడ రోచ్ తన పద్ధతి వదల్లేదు, టేలర్ తన వేగం తగ్గించలేదు, అయినా ఊపు పెరిగేటప్పుడు ఇద్దరూ కలిసే పెరుగుతారు. ఎవరు ఎవరికి తోడు వాయిస్తున్నారని అడిగితే చెప్పలేం.

లోటుపాట్లు ఉన్నాయి. టేలర్ ఊపిరి తీసుకోనివ్వరు, నిశ్శబ్దం కావాలనుకునేవాళ్ళకి 40 నిమిషాలు చాలా పొడుగు, ఒకే సిట్టింగులో రెండు భాగాలూ వినమని నేను ఎవరికీ చెప్పను. చివర్లో ఇద్దరి ఇంటర్వ్యూల ముక్కలు కూడా పెట్టారు, ఒకసారి వినడానికి బావుంటాయి, రెండోసారి అవసరం లేదు. ఇంకో మాట, సౌండ్ తగ్గించి బ్యాక్‌గ్రౌండ్‌లో పెట్టుకుంటే ఈ ఆల్బమ్ నిజంగానే గోలలా ఉంటుంది, సింబల్స్ మోత చివర్లు, డ్రమ్ముల స్వరాలు అన్నీ పోతాయి. మంచి హెడ్‌ఫోన్స్ గానీ స్పీకర్లు గానీ ఉండాలి, వేరే పని పెట్టుకోకూడదు.

జాజ్‌లో మెలోడీ కోసమే వచ్చేవాళ్ళకి ఇది వద్దు. లయంటే పిచ్చి ఉన్నవాళ్ళు మాత్రం, ముఖ్యంగా ఏదో ఒక తాళవాద్యం నేర్చుకున్నవాళ్ళు, ఒక్కసారైనా వినాల్సిందే. నచ్చితే తర్వాత టేలర్ 1988లో బెర్లిన్‌లో డ్రమ్మర్ టోనీ ఆక్స్‌లీతో వాయించిన ‘లీఫ్ పామ్ హ్యాండ్’ పట్టుకోండి. ఆక్స్‌లీ డ్రమ్స్ రోచ్‌కి పూర్తి వ్యతిరేకం, చిన్న చిన్న గరగరలు, లోహపు చప్పుళ్ళు, నడక అన్నదే దాదాపు వినబడదు. అదే పియానిస్టు పక్కన డ్రమ్మర్ మారితే సంగీతం ఎంత మారిపోతుందో ఈ రెండూ వెంటవెంటనే వింటే తెలిసిపోతుంది, నాకైతే ఇప్పటికీ రోచ్‌తో వాయించిందే ఎక్కువ ఇష్టం.